స్వస్థయుగ కల్పన - దండకారణ్యము

అద్భుతకథలలో యుద్ధమునకు దక్కిన పుటలు యుద్ధానంతర కాలమునకు దక్కవు. మాంత్రికుడు చచ్చును, కోట కూలును, రాజకుమారునకు పట్టాభిషేకము జరుగును. ఆ పిమ్మట నెలకు మూడు వానలు కురిసి, పంటలు పండి, ప్రజలు సుఖముగా నుండిరని ఒక్క వాక్యము. చందమామలో 1954 నుండి దాసరి సుబ్రహ్మణ్యం వ్రాసిన ధారావాహికలు చదివి పెరిగిన తరములకు ఈ క్రమము కంఠోపాఠము. నెలల తరబడి రాక్షసులతోను పన్నాగములతోను నడచిన కథకు కడపటి సంచికలో కొద్ది పంక్తుల శాంతి లభించును. పిల్లలకు అది చాలును. పెద్దల సాహిత్యము మాత్రము ఆ ఒక్క వాక్యము దగ్గఱ ఆగవలసి యున్నది. ఆ సుఖము ఎట్లు వచ్చినది? ఎవరికి వచ్చినది? కాలిన ఊరిలో మొదటి పొయ్యి ఎవరు వెలిగించిరి? ఇట్లు అడుగగా పుట్టు కల్పనకు స్వస్థయుగమని పేరు పెట్టవచ్చును. గాయపడిన లోకము మరల కోలుకొను కాలమును కథగా ఊహించుటయే దాని లక్షణము.

సంస్కృతమున స్వస్థుడనగా తనయందు తాను నిలిచినవాడు. రోగము లేకుండుట తరువాతి అర్థము. తన చోట తానుండుట మొదటిది. తెలుగు మాటలు ఇంకను దగ్గఱగా వచ్చి తాకును. రోగము కుదిరినదందురు. కుండ దొర్లిపోకుండ దాని క్రింద నుంచు చుట్టకును కుదురనియే పేరు. గాయము మానినదందురు. ఒక పనిని విడిచిపెట్టుటయు మానుటయే. అడవిలో ఎత్తుగా నిలిచిన చెట్టును మానే. నిఘంటుకారులు వీనిని వేర్వేరు పదములుగా చూపవచ్చును గాని, వినువాని చెవిలో ఇవి ఒకదానినొకటి తాకక మానవు. అయితే ఇదే భాషలో, గిట్టనివానికి కీడు మూడినప్పుడు 'వాని రోగము కుదిరినది' అని సంతోషించు వాడుకయు కలదు. చికిత్స మాటలో శిక్ష దాగి యుండుట తెలుగువారి నోటికి క్రొత్త కాదు. స్వస్థయుగమును కల్పించు రచయిత ఈ రెండవ అర్థము విషయమున జాగరూకుడై యుండవలెను. కథలలో అది చమత్కారము. చరిత్రలో అది ఊళ్లను కాల్చినది. దానికి దృష్టాంతము తెలుగుసీమకు పొరుగున, దక్షిణ బస్తరులో నున్న ఎర్రబోరు.

ఎర్రబోరు ఛత్తీస్‌గఢ్ రాష్ట్రపు సుక్మా జిల్లాలో, కుంట నుండి సుక్మాకు పోవు జాతీయ రహదారిపై నున్న గ్రామము. 2012లో సుక్మా జిల్లా ఏర్పడువరకు ఈ ప్రాంతము దంతెవాడ జిల్లాలోనిది. కుంట దాటినచో ఆంధ్రదేశము. శబరి నది ఆ ప్రక్కగానే దిగివచ్చి కూనవరము వద్ద గోదావరిలో కలియును. ఇచటి కోయల, దోర్లల భాష గోండీ కుదురునకు చెందినదైనను తెలుగు చెవికి పరాయిది కాదు. భద్రాచలమును, పర్ణశాలను, శబరి పేరు గల నదిని ఎఱిగిన తెలుగు పాఠకునకు దండకారణ్యమనగా రామకథ నడచిన నేల. ఆ నేలపైననే, ఆ పాఠకుడు వార్తాపత్రికలో తప్ప చూడని మఱియొక కథ నడచినది.

2005 జూన్‌లో, నేటి బీజాపూర్ జిల్లా ప్రాంతమున, మావోయిస్టులకు వ్యతిరేకముగా సల్వాజుడుం అను ఉద్యమము బయలుదేరెను. ప్రభుత్వము దానికి అండగా నిలిచెను. ఊళ్లు అనేకము ఖాళీ చేయబడి, జనులు రహదారుల వెంబడి నెలకొల్పిన శిబిరములకు చేర్పబడిరి. శిబిరములకు పోనొల్లని వేలాదిమంది సరిహద్దు దాటి, నాటి ఆంధ్రప్రదేశ్‌లోని ఖమ్మము, వరంగల్లు జిల్లాల అడవులలో తల దాచుకొనిరి. జుడుం నడచిన దారిలో కాలిన ఊళ్లు పెక్కు. ఎర్రబోరులోను ఒక శిబిరము వెలసెను. 2006 జూలై 16, 17 తేదీల నడిమి రాత్రి మావోయిస్టులు ఆ శిబిరముపై బడి గుడిసెలకు నిప్పు పెట్టిరి. ముప్పదిమందికి పైగా మరణించిరి. వారిలో పసిపిల్లలును ఉండిరి. ఊరు విడిచి శిబిరమునకు వచ్చినవాడు అక్కడను, శిబిరమును విడిచి అడవికి పోయినవాడు ఇక్కడను కాలిపోయిన కాలమది. ఇందులో ఏ పక్షము గాయము పెద్దదని లెక్కించుట సాహిత్యవిమర్శ పని కాదు. దాని పని పేరు దగ్గఱ మొదలగును.

సల్వాజుడుం అను గోండీ మాటకు ప్రభుత్వమును పత్రికలును చెప్పిన అర్థము శాంతియాత్ర. ఆ ప్రాంతమును దీర్ఘకాలము పరిశీలించిన పండితులు దానిని శుద్ధివేట అని అనువదించిరి. జుడుం అనగా ఊరివారందఱు కూడి చేయు వేట. అనువాదవిద్యను నేర్చువారికి ఇంతకంటె మంచి పాఠము దొరకదు. యాత్రకు గమ్యము కావలెను. వేటకు మృగము కావలెను. శాంతియాత్రలో ఎవరైనను కలిసి నడువవచ్చును. శుద్ధివేటలో, మలినమని ఎంచబడినవాడు ఒకడు ముందు పరుగెత్తవలెను. మూలభాషలో ఈ రెండు భావములును ఒక్క పేరున ఇమిడి యుండగా, ఒకదానిని మాత్రము రాజధానికి మోసికొనిపోయినవాడు భాషాంతరము చేసినాడా, మాటను మాటు చేసినాడా? వేటయను మాటను వదలి వేసిన అనువాదము తప్పని చెప్పుటకు ఏ సందేహమును అక్కఱలేదు. స్వస్థతకు పెట్టిన పేరులో వేట దాగి యుండినంతకాలము అది స్వస్థత కాదు. పాఠకునకు ఆ దాగినదానిని చూపుట అనువాదకుని విధి.

ఈ వ్యవహారమునకు సాహిత్యముతో మఱియొక విచిత్రమైన చుట్టరికము కలదు. 2011 జూలై 5న నందినీ సుందర్ మొదలగువారి వ్యాజ్యమున సర్వోన్నత న్యాయస్థానము తీర్పు చెప్పెను. న్యాయమూర్తులు బి. సుదర్శన్ రెడ్డి, ఎస్. ఎస్. నిజ్జర్. ఏమంత చదువు లేని ఆదివాసీ యువకులను ప్రత్యేక పోలీసు అధికారులుగా నియమించి, ఆయుధములిచ్చి, తిరుగుబాటుదారులపైకి పంపుట రాజ్యాంగవిరుద్ధమని ఆ తీర్పు సారాంశము. తెలుగువాడైన న్యాయమూర్తి వ్రాసిన ఆ తీర్పు, ఆరంభముననే జోసెఫ్ కాన్రాడ్ కాంగో నదిని గూర్చి వ్రాసిన నవలికను స్మరించినది. న్యాయస్థానము తన మాట చాలక నవలాకారుని పిలుచుకొన్నదనుట రచయితలకు గర్వకారణము కావచ్చును. కాని చిన్న చిక్కున్నది. కాన్రాడ్ కథలో అడవి చీకటికి పేరు. చూచువాడు పడవలో వచ్చినవాడు. అడవిలోనివారికి అందులో దాదాపుగా మాటలు లేవు. తీర్పు ఆ చీకటి వచ్చినవారిలోనిదని గ్రహించి చెప్పుటకే ఆ నవలికను వాడుకొన్నది. అయినను, దండకను గూర్చి చెప్పుటకు దండకలోనే పుట్టిన కథ ఒకటి లేకపోయెనా?

ఉన్నది. అరణ్యకాండ మొదటి భాగమున మునులు రామునకు రాక్షసులచే చంపబడిన తాపసుల దేహములను చూపి రక్షింపుమని వేడుదురు. రాముడు మాట యిచ్చును. ప్రయాణము సాగుచుండగా సీత భర్తను నిలిపి, వైరము లేనివారిని చంపబూనుట తగదని చెప్పుచు ఒక పాత కథ వినిపించును. ఒక ముని తపస్సు చేసికొనుచుండెను. ఇంద్రుడు భటుని వేషమున వచ్చి, తన ఖడ్గమును దాచుమని ఆతని యొద్ద ఇల్లడ పెట్టి పోయెను. పరుల సొమ్ము పోకూడదని ముని దానిని క్షణమైనను విడువక, కందమూలములకు పోవునప్పుడును వెంట తీసికొనిపోవుచుండెను. నడచుచు నడచుచు ఆతని బుద్ధి క్రూరమయ్యెను, తపస్సు పోయెను, తుదకు నరకము ప్రాప్తించెను. కత్తి ఆతనిని ఏమియు అడుగలేదు. చేతిలో ఉండెను, అంతే. సీత చెప్పినది ఇంత చిన్న కథ. ఎవరో తెచ్చి యిచ్చిన ఆయుధము అడవిమనిషి చేతిలో ఏమి చేయునో ఆమె చెప్పినంత క్లుప్తముగా ఏ నివేదికయు చెప్పలేదు. రాముడు ఆ మాటను ప్రేమతో విని, ఇచ్చిన మాట తప్పనని బదులు చెప్పి ముందుకు సాగెను. కథ రాముని వెంట పోయినది. సీత మాట దారిలో మిగిలిపోయినది.

ఇక రామరాజ్యము. యుద్ధకాండ తుదిని వాల్మీకి వర్ణించిన ఆ కాలము భారతీయ సాహిత్యమున స్వస్థయుగమునకు మూలప్రతి. అందులో విధవల ఏడుపు లేదు, వ్యాధిభయము లేదు, వృద్ధులు బాలురకు ప్రేతకార్యములు చేయవలసిన దుస్థితి లేదు. ఈ కడపటి మాటయే ఉత్తరకాండలో ప్రశ్నయై ఎదురు నిలిచినది. ఒక బ్రాహ్మణుడు చనిపోయిన కొడుకును మోసికొని వచ్చి రాజద్వారమున విలపించెను. శూద్రుడొకడు తపస్సు చేయుటయే కారణమని నారదుడు చెప్పగా, రాముడు పుష్పకమెక్కి దక్షిణమునకు పోయి, శైవలపర్వతపు ఉత్తరపార్శ్వమున సరస్సు చెంత తల క్రిందుగా తపస్సు చేయుచున్న శంబుకుని కనుగొని శిరస్సు ఖండించెను. అదే క్షణమున బాలుడు బ్రదికెను. రోగము కుదిరినది! తెలుగు వాడుకలోని రెండు అర్థములును ఒక్క క్షణమున కలిసిన చోటిది. ఈ చికిత్స ఖరీదెంతయని గట్టిగా అడిగిన తెలుగు నాటకము త్రిపురనేని రామస్వామి చౌదరి 'శంబుక వధ'. అది వెలువడినది 1920లో. ఆ నాటకములోని చరిత్రవాదమును అంగీకరింపనివారును, ఆ ప్రశ్నను త్రోసిపుచ్చలేరు. ఒక స్వస్థయుగము ఎంత మంచిదో తెలిసికొనవలెనన్నచో, అందు బ్రదికిన బాలుని తండ్రిని మాత్రమే అడిగిన చాలదు.

ఇరువదవ శతాబ్దమున ఆంగ్లభాషలో అద్భుతకథకు క్రొత్త ఊపిరి పోసిన టోల్కీన్ ఈ సమస్యను మఱియొక దారిని చేరెను. 1955లో వెలువడిన ఆయన గ్రంథత్రయపు కడపటి సంపుటమున, యుద్ధము మధ్య స్వస్థాలయములను గూర్చి ఒక ప్రకరణము కలదు. నిజమైన రాజెవడో ఆతని చేతివైద్యమే చాటునని ఆ దేశమున ఒక పాత నమ్మకము. ఆ నమ్మకమును గుర్తుంచుకొన్నది ఆస్థానపండితుడు కాదు, అచట రోగులకు పరిచర్య చేయు ఒక ముసలి వదరుబోతు. మందు కూడ రాజోద్యానపు ఓషధి కాదు. ఎవరును పట్టించుకొనని కలుపుమొక్క. ఆ మొక్క కావలెనని కబురంపగా వచ్చిన ఔషధాధికారి దానికి ఏ భాషలో ఏ పేరో వల్లించును, పాత పద్యమును తలచును, ఆకు మాత్రము తన యొద్ద లేదనును. విమర్శకజాతిని ఇంత సౌమ్యముగా వెక్కిరించిన ఘట్టము మఱియొకటి లేదు. ఎన్ని భాషలలో పేరు తెలిసినను ఆకు కావలసిన వేళ ఆకు కావలెను.

టోల్కీన్ గొప్పతనము ఆ పిమ్మట తెలియును. రాజు పట్టాభిషిక్తుడయ్యెను, పాడైన పల్లెసీమలో మొక్కలు నాటబడెను, మఱుసటి యేడు పంట విరగబండెను. కాని అన్నిటికంటె పెద్ద బరువు మోసిన ఫ్రోడోకు గాయము మానదు. దెబ్బ తగిలిన తిథి ఏటేట తిరిగి వచ్చినప్పుడు ఆ నొప్పియు తిరిగి వచ్చును. తుదకు ఆతడు తాను కాపాడిన ఊరిలో ఉండలేక ఓడ యెక్కి పోవును. అందఱి స్వస్థత ఒకని అస్వస్థత మీద నిలిచినదని దాచక చెప్పుటచేత ఆ యుగము నమ్మదగినదైనది.

ఉర్సులా లె గ్విన్ ఇంకొక మెట్టు ముందునకు పోయెను. 1972లో వెలువడిన ఆమె నవలిక 'ద వర్డ్ ఫర్ వరల్డ్ ఈజ్ ఫారెస్ట్'లో ఒక గ్రహవాసుల భాషయందు అడవికిని లోకమునకును ఒకటే మాట. చెట్లు నఱకి కొనిపోవుటకు మనుష్యులు అచటికి వత్తురు. హత్యను ఎఱుగని ఆ వనవాసులు సెల్వర్ అనువాని నాయకత్వమున తిరుగబడి గెలుతురు, వచ్చినవారు వెడలిపోవుదురు. కథ అచట సంతోషముగా ముగియవలసినది. కాని చంపుట యొకమారు నేర్చిన పిమ్మట దానిని ఎఱుగనట్లు నటించుట పొసగదని సెల్వర్‌కు తెలియును. వారి భాషలో దేవుడనుటకును అనువాదకుడనుటకును ఒకే మాట వాడబడును: కలలోని దానిని మెలకువలోనికి తెచ్చువాడు. సెల్వర్ తన జాతి భాషలోనికి తెచ్చిన క్రొత్త మాట హత్య. అనువాదకులకు ఇంత గౌరవమును ఇంత భయమును ఒక్కసారిగా కలిగించు కల్పన అరుదు. అదే 1972లో ఆమె తన 'ఎర్త్‌సీ' కథామాలలో మూడవ నవలను, సింహాసనమునకు తగిన రాజు దొరకుటతో ముగించెను. కథ పూర్తియైనదని లోకము తలచినది. పదునెనిమిదేండ్ల తరువాత, 1990లో, 'తెహాను' అను నాలుగవ నవల వచ్చినది. కొత్తరాజు శాంతి నెలకొల్పుచున్న ఆ దినములలోనే, స్వజనముచే చెఱుపబడి నిప్పులోనికి త్రోయబడిన ఒక బాలిక అందులో కనుపించును. ఆమె ముఖమున సగము కాలినది. ఏ మంత్రమును ఆమెను మునుపటివలె చేయలేదు. ఆమెకు అన్నము పెట్టి, జుట్టు దువ్వి, ప్రక్కన పండుకొనబెట్టుకొను ఒక విధవరాలి యింట ఆ కథ నడచును. స్వస్థయుగమును సింహాసనమునుండి దించి పొయ్యి దగ్గఱకు తెచ్చిన ఘనత ఆమెది.

ఇవి పరదేశపు కల్పనలు. బస్తరునకు దగ్గఱనే గోండుల పురాణగాథ కలదు. స్టీఫెన్ హిస్లప్ సేకరింపగా ఆతని మరణానంతరము 1866లో రిచర్డ్ టెంపుల్ ప్రకటించిన పాఠమున, లింగో తనతో కలిసి బ్రదికినవారి చేతనే, స్త్రీల అపనింద కారణముగా, చంపబడును. ఆతని కన్నులు పెఱికి వారు ఆటగోలీలుగా ఆడుకొందురు. దేవుడు అమృతము పంపగా లింగో మరల లేచును. ఇక్కడ శ్రోత ప్రతీకారమునకు ఎదురుచూచును. లింగో తన్ను చంపినవారి జోలికి పోడు. గుహలో బంధింపబడి యున్న గోండులను వెదకి విడిపించుటకు పోవును. వారికి ఊళ్లు, గోత్రములు, పూజావిధులు ఏర్పఱచుట ఆ తరువాతి కథ. బ్రదికి వచ్చినవాడు మొదట చేసినది మూసిన తలుపు తెఱచుట. జనులను చెఱ యందుంచి కాపాడుట అను భావము ఆ గాథకు తెలియదు. ఎర్రబోరు శిబిరముల కాలమును తలచుకొన్నవారికి ఈ భేదము వివరింప నక్కఱలేదు.

తెలంగాణములోని మేడారమునకు రెండేండ్లకొకమారు మాఘమాసమున జరుగు జాతరకు బస్తరు కోయలును వత్తురు. సమ్మక్క కథలో కరవు, పన్ను, కాకతీయసేనతో యుద్ధము, ఓటమి ఉన్నవి. కొడుకు జంపన్న ప్రాణము విడిచిన సంపెంగవాగు జంపన్నవాగైనది. గాయపడిన తల్లి చిలుకలగుట్టవైపు పోయి అదృశ్యమయ్యెను. వెదకినవారికి దొరకినది కుంకుమభరిణ. జనులు ఆ చావు జరిగిన వాగులోనే స్నానము చేసి, తమ యెత్తు బెల్లము తూచి సమర్పింతురు. ఆ బెల్లమునకు బంగారమని పేరు. పన్ను కట్టలేక చచ్చినవారి గుడిలో బెల్లము బంగారముగా చెల్లు నాలుగు దినములవి. కథగా వ్రాసినచో ఎవరును నమ్మని స్వస్థయుగమును ఈ జనులు ఆచరించి చూపుచున్నారు. ఓటమిని గెలుపుగా మార్చి పాడకపోవుట ఇందు గమనింపదగినది. సమ్మక్క గెలిచినట్లు ఏ పాఠమును చెప్పదు.

ఆధునిక తెలుగు రచనలలో దండకను స్వస్థయుగముగా ఊహించిన ఉత్తమమైన కథ ఓల్గా వ్రాసిన 'సమాగమం'. అది 2010లో వెలువడిన 'విముక్త' సంపుటములోనిది. ఆ సంపుటమునకు 2015లో సాహిత్య అకాడమీ పురస్కారము లభించినది. అడవిలో పెరుగుచున్న లవకుశులు ఒక అపురూపమైన తోటను చూచి వత్తురు. ఆ తోట శూర్పణఖది. సీత ఆమెను చూడబోవును. ముక్కుచెవులు కోయబడిన పిమ్మట తన ద్వేషముతోను, అద్దములోని తన రూపముతోను ఎన్ని యేండ్లు పోరాడినదో శూర్పణఖ చెప్పును. ఆమెను కాపాడినది మొక్కల పెంపకము. ఈ కథలో ముక్కు మరల మొలవలేదు. కోసినవాడు వచ్చి క్షమాపణ చెప్పలేదు. ఇరువురు స్త్రీలు, ఒకప్పుడు ఒకే పురుషుని కారణముగా పరస్పరము శత్రువులుగా ఎంచబడినవారు, ఒక చెట్టునీడను కూర్చుండి మాటాడుకొందురు. రచయిత్రి ఇతర కథలలో వాదము కథను మించినదని తలచువారు ఉండవచ్చును. ఇచట తోటయే వాదమును మోయుచున్నది. చెట్టును మాననుచు, గాయము మానుననుచు ఒకే ధ్వనితో పలుకు భాషలో ఈ కథ పుట్టుట యాదృచ్ఛికమని తోచదు.

దండకారణ్యము అడవి యెట్లయ్యెనో చెప్పు కథను కడకు ఉంచుటకు కారణము కలదు. శంబుకుని చంపిన దినముననే రాముడు అగస్త్యుని యాశ్రమమునకు పోవును. అచట ముని చెప్పు కథలలో ఇది యొకటి. ఇక్ష్వాకుని కడపటి కొడుకు దండుడు. వింధ్యకును శైవలమునకును నడిమి దేశమును ఆతడు ఏలుచుండెను. రాముడు శంబుకుని చూచిన సరస్సును శైవలమునకు ఉత్తరపు ప్రక్కనే యున్నదని గుర్తుంచుకొన్నచో, కవి ఈ రెండు కథలను ఒకే నేలపై నిలిపినాడని తెలియును. దండుని పురోహితుడు శుక్రుడు. చైత్రమాసమున రాజు గురువు యాశ్రమమునకు పోయి, ఆతని కూతురు అరజను ఒంటరిగా చూచి, తండ్రి నడుగుమని ఆమె వేడినను వినక బలాత్కరించెను. శుక్రుడు వచ్చి కూతురిని చూచి శపించెను: ఏడు రాత్రులలో నీ రాజ్యమంతయు ధూళివర్షమున నశించుగాక! ఆశ్రమవాసులను దేశపు పొలిమేరకు పొమ్మనెను. అరజతో మాత్రము, యోజన విస్తీర్ణమైన ఆ సరస్సు చెంతనే ఉండుమని చెప్పెను. ఆ రాత్రి ఆమె సమీపమున నిలిచిన ప్రాణులను ధూళివర్షము చంపదనెను.

అరజ అనగా రజస్సు, అనగా ధూళి, అంటనిది. దేశమంతయు ధూళి క్రింద మునుగగా, అన్యాయము పొందిన ఆ బాలిక చుట్టును మాత్రము కొంత నేల మిగిలెను. ఎవరు పుణ్యాత్ములు, ఎవరు పాపులు అను విచారణ శుక్రుని మాటలో లేదు. ఆమె చెంత ఎవరుందురో వారు బ్రదుకుదురు. దండకకు స్వస్థయుగమును కల్పింపగోరు తెలుగు రచయితకు వాల్మీకి విడిచిన చోటిది. శిబిరములో కాలిన గుడిసెలవారును, అడవిలో కాలిన ఊళ్లవారును ఆ సరస్సు ఒడ్డున ఒకరి ప్రక్క ఒకరు కూర్చుండవలసి యుండును. ఎదుటివాని గాయము తన గాయమునకు జవాబని చెప్పుటకు అచట తావు లేదు. వారిలో వారు ఏ భాషలో మాటాడుకొందురు, ఎవరు ముందు మాటాడుదురు, సల్వాజుడుం అను మాట వినబడినప్పుడు అరజ ఎవరి వంక చూచును అనునవి ఆ రచయిత తేల్చుకొనవలసిన సంగతులు. అందుకు కోయ పలుకుబడి కొంతయైనను చెవిని బడి యుండవలెను. తెలుగులో ఆలోచించి కోయలకు మాటలు అతికించిన కథలు ఔషధాధికారి పాండిత్యమువంటివే.

అరజ ఆ తరువాత ఏమయ్యెనో వాల్మీకి చెప్పలేదు. కథ చెప్పుచున్న అగస్త్యుడు ఆకాశము వైపు చూచి, ప్రొద్దు క్రుంకినది, సంధ్య వార్చుకొనుమని రామునితో చెప్పును. రాముడు లేచి నీటి దగ్గఱకు పోవును.